కొల్లేరు సరిహద్దు వివాదం: పర్యావరణ రాజకీయాల్లో ‘ప్రజలు’ ఎవరు?

వ్యాససంగ్రహం:
కొల్లేరు అభయారణ్యం సరిహద్దును +5 అడుగుల కాంటూరు నుంచి +3 అడుగుల కాంటూరుకు కుదించాలా వద్దా అన్న చర్చ ఆంధ్రప్రదేశ్‌లో రెండు దశాబ్దాలకు పైగా సాగుతున్నది. ఈ చర్చ సాధారణంగా ‘పక్షులా, ప్రజలా’ అన్న ప్రశ్న చుట్టూ తిరుగుతుంది. ఆ ప్రశ్నే లోపభూయిష్ఠమని ఈ వ్యాసం ప్రతిపాదిస్తుంది. సరస్సు జలవ్యవస్థ, చేపల చెరువుల విస్తరణ చరిత్ర, వన్యప్రాణి సంరక్షణ చట్టంలో వచ్చిన మార్పులు, 2006 నాటి గట్ల తొలగింపు, దాని అనంతర పరిణామాలను వరుసగా పరిశీలించి, ‘ప్రజలు’ అనే ఒక్క మాట కింద పరస్పర విరుద్ధ ప్రయోజనాలు గల వర్గాలు ఎలా కలిసిపోయాయో వివరిస్తుంది. వాతావరణ మార్పు నేపథ్యంలో కొల్లేరును పక్షుల ఆవాసంగానే కాక వరదను నిలిపే వ్యవస్థగా కూడా చూడవలసిన అవసరాన్ని సరళమైన గణనల సహాయంతో చర్చిస్తుంది.

కీలకపదాలు: కొల్లేరు, కాంటూరు, చిత్తడి నేలలు, ఉమ్మడి వనరులు, చేపల సాగు, పర్యావరణ రాజకీయాలు, వాతావరణ మార్పు.

1. ఉపోద్ఘాతం:
ఎంతకీ తెగని వ్యవహారాన్ని తెలుగువారు ‘కొల్లేటి చాంతాడు’తో పోలుస్తారు. ఆ జాతీయానికి పేరునిచ్చిన సరస్సు చుట్టూనే అలాంటి వివాదం ఒకటి అల్లుకోవడం యాదృచ్ఛికమే కావచ్చు. కానీ వివాదం తెగకపోవడానికి గల కారణాలు యాదృచ్ఛికమైనవి కావు. అవి చట్టంలో, భూసంబంధాల్లో, ఎన్నికల రాజకీయాల్లో, అన్నింటికంటే మించి చర్చకు వాడుతున్న భాషలో ఉన్నాయి.

పర్యావరణ వివాదాలను అధ్యయనం చేసేవారికి ఒక అంశం తరచుగా ఎదురవుతుంది. ఏ వివాదంలోనైనా ఇరుపక్షాలూ ప్రజల పేరుతోనే మాట్లాడతాయి. గనుల తవ్వకాన్ని వ్యతిరేకించేవారు స్థానిక ప్రజల పేరు చెబితే, సమర్థించేవారు ఉపాధి పొందే ప్రజల పేరు చెబుతారు. కాబట్టి ‘ప్రజలు’ అన్న మాట విశ్లేషణకు ప్రారంభమే కాని సమాధానం కాదు. రామచంద్ర గుహ, హువాన్ మార్టినెజ్ అలియర్ ‘పేదల పర్యావరణవాదం’ అన్న భావనను ప్రతిపాదించినప్పుడు, బ్రతుకుతెరువు కోసం ప్రకృతి వనరులపై ఆధారపడినవారు ఆ వనరుల రక్షణకు పూనుకొనే సందర్భాలను ప్రధానంగా దృష్టిలో ఉంచుకొన్నారు. కొల్లేరు ఉదంతం ఈ భావనను మరింత సంక్లిష్టం చేస్తుంది. ఇక్కడ సరస్సును కాపాడాలనే వాదమూ, సరస్సు హద్దును కుదించాలనే వాదమూ రెండూ పేదల పేరుతోనే వినిపిస్తాయి. ఈ రెండింటిలో పేదల వాస్తవ స్థానం ఏమిటన్నది ఈ వ్యాసంలో ప్రధాన ప్రశ్న.

2. సరస్సు స్వరూపం - నీటి నడక:
కృష్ణా, గోదావరి డెల్టాల మధ్య ఏర్పడిన సహజమైన పల్లం కొల్లేరు. పూర్వం కృష్ణా, పశ్చిమ గోదావరి జిల్లాలలో విస్తరించిన ఈ సరస్సు, 2022 ఏప్రిల్‌లో జరిగిన జిల్లాల పునర్విభజన తరువాత ప్రధానంగా ఏలూరు జిల్లాలో ఉన్నది. రెండవ పులకేశి ఐహోళె శాసనం పేర్కొన్న కునాల జలాశయం కొల్లేరేనని చరిత్రకారుల అభిప్రాయం. అంటే ఏడవ శతాబ్దం నాటికే ఇది రాజకీయ ప్రాధాన్యం గల ప్రదేశం.

బుడమేరు, తమ్మిలేరు, రామిలేరు, గుండేరు వంటి ఏర్లు, రెండు డెల్టాల మురుగుకాలువలు తెచ్చే నీరు కొల్లేటిలో చేరుతుంది. బయటికి పోవడానికి ప్రధాన మార్గం ఉప్పుటేరు ఒక్కటే. అది సుమారు 60 కిలోమీటర్లు ప్రవహించి బంగాళాఖాతంలో కలుస్తుంది. వచ్చే దారులు అనేకం, పోయే దారి ఒక్కటి. కనుక వర్షాకాలంలో వచ్చినంత వేగంగా నీరు బయటికి పోలేదు. ఆ మిగులును కొంతకాలం తనలో నిలుపుకొని మెల్లగా వదలడమే కొల్లేరు చేసే పని.

ఈ స్వభావం వల్ల కొల్లేటికి స్థిరమైన ఒడ్డు లేదు. సముద్రమట్టానికి +3 అడుగుల కాంటూరు వద్ద దాని విస్తీర్ణం సుమారు 135 చదరపు కిలోమీటర్లు. +5 అడుగుల వద్ద సుమారు 308, +10 అడుగుల వద్ద 901 చదరపు కిలోమీటర్లు. నేల దాదాపు సమతలంగా ఉండడం వల్ల నీటిమట్టం రెండడుగులు పెరిగితే విస్తీర్ణం రెట్టింపును మించుతుంది. వేసవిలో ముడుచుకొని, వానాకాలంలో విప్పారే ఇటువంటి జలరాశికి కాగితం మీద ఒక గీత గీసి ‘ఇదే సరస్సు’ అని నిర్ణయించడం స్వభావరీత్యా కష్టం. వివాదానికి మూలం ఇక్కడే ఉన్నది. ఏడాదిలో కొన్ని నెలలు నీరు, కొన్ని నెలలు నేల అయిన ప్రదేశాన్ని రెవెన్యూ శాఖ నేలగానే చూస్తుంది. అటవీ శాఖ అభయారణ్యంగా చూస్తుంది. నీటిపారుదల శాఖకు అది మురుగునీటి మార్గం. మత్స్యశాఖకు అది ఉత్పత్తి క్షేత్రం.

3. వేట నుంచి సాగుకు: చారిత్రక నేపథ్యం:
పంతొమ్మిదవ శతాబ్ది మధ్యభాగంలో ధవళేశ్వరం, బెజవాడల వద్ద ఆనకట్టలు నిర్మితమై డెల్టాలకు కాలువల నీరు అందింది. దాని ఫలితాలను చెప్పుకొనేటప్పుడు పచ్చని పొలాలను తలుస్తాం కాని, ఆ పొలాల మురుగునీరు ఎక్కడికి చేరిందో అంతగా తలవం. డెల్టా సాగు విస్తరించిన కొద్దీ కొల్లేటికి చేరే నీటి పరిమాణం, దానితోపాటు వచ్చే ఒండ్రు పెరిగాయి. తరువాతి కాలంలో రసాయన ఎరువులు, పురుగుమందుల అవశేషాలు, పరిసర పట్టణాల మురుగు కూడా తోడయ్యాయి. డెల్టా సౌభాగ్యానికి కొల్లేరు కనిపించని మూల్యం చెల్లించిందనడం అతిశయోక్తి కాదు.

లంక గ్రామాల ప్రజలు నీరున్నప్పుడు దోనెలపై వేటకు వెళ్లి, నీరు తీసినప్పుడు పల్లపు నేలలో వరి వేసుకొనేవారు. వేటలో వడ్డి కులస్థులు ప్రధానులు. వలలతోపాటు మావులు వేసి చేపలు పట్టడం వారి సంప్రదాయ పద్ధతి. కొర్రమేను, వాలుగ, జెల్ల, మట్టగిడస వంటి నాటు చేపలు ఆ వేటకు ఆధారం. ఈ జీవనంలో ఒడిదుడుకులు తక్కువేమీ కాదు. 1964 నాటి వరదల తరువాత డెల్టా మురుగునీటి సమస్యను పరిశీలించిన మిత్రా కమిటీ ఉప్పుటేరు సామర్థ్యాన్ని పెంచవలసిన అవసరాన్ని ప్రస్తావించింది. డ్రైనేజి పనుల కోసం 1968లో ప్రత్యేక పన్ను చట్టం కూడా వచ్చింది. అంటే కొల్లేరు సమస్య మొదట ప్రభుత్వం ముందుకు వచ్చింది పక్షుల సమస్యగా కాదు, వరద సమస్యగా.

1970ల్లో మత్స్యకారులకు, ఇతర పేద వర్గాలకు జీవనాధారం కల్పించే ఉద్దేశంతో ప్రభుత్వం సహకార సంఘాలను ఏర్పాటు చేసి, సరస్సు గర్భంలో చేపల చెరువుల తవ్వకానికి ప్రోత్సాహమిచ్చింది. నాటి దృష్టిలో ఇది సంక్షేమ కార్యక్రమం. అయితే చెరువు తవ్వడానికి, పిల్ల వేయడానికి, మేత కొనడానికి కావలసిన పెట్టుబడి సంఘ సభ్యుల వద్ద లేదు. 1980ల నుంచి బొచ్చె, శీలావతి వంటి చేపలకు దూరప్రాంతాల మార్కెట్లలో, ముఖ్యంగా కలకత్తాలో, గిరాకీ పెరిగిన కొద్దీ పెట్టుబడి గలవారు సంఘాల చెరువులను కౌలుకు తీసుకోవడం పరిపాటి అయింది. సంఘం పేరు పేదలది, చెరువు నడిపేది కౌలుదారు. సభ్యునికి దక్కేది సాలుకింత అని కౌలులో వాటా, కూలిపని. సంఘాలకు కేటాయించిన చెరువులకు వెలుపల కూడా గట్లు లేచాయి.

ఉపగ్రహ చిత్రాల ఆధారంగా ఆంధ్ర విశ్వవిద్యాలయ పరిశోధకులు జరిపి 2004లో ప్రచురించిన అధ్యయనం, పరిశీలించిన 245 చదరపు కిలోమీటర్ల సరస్సు ప్రాంతంలో సుమారు 42 శాతాన్ని చేపల చెరువులు ఆక్రమించాయని తేల్చింది. మిగిలిన భాగంలోనూ అధికశాతం కలుపుతో నిండిపోయింది. గుర్రపుడెక్క, కిక్కిస అల్లుకున్న ఆ నీటిలో దోనె నడవడమే గగనమైనప్పుడు వేట గురించి చెప్పనక్కరలేదు.

4. చట్టం గీసిన గీత:
ప్రభుత్వం 1995లో తన ఉద్దేశాన్ని ప్రకటించి, 1999 అక్టోబరు 4న జి.ఓ. 120 ద్వారా +5 కాంటూరు వరకు గల ప్రాంతాన్ని 1972 నాటి వన్యప్రాణి సంరక్షణ చట్టం కింద అభయారణ్యంగా ప్రకటించింది. 2002 ఆగస్టులో కొల్లేరుకు రామ్‌సర్ గుర్తింపు లభించింది. ఇక్కడ ఒక భేదాన్ని గమనించాలి. రామ్‌సర్ జాబితాలో నమోదైన విస్తీర్ణం 90,100 హెక్టార్లు, అంటే +10 కాంటూరు వరకు గల 901 చదరపు కిలోమీటర్లు. అభయారణ్యం మాత్రం అందులో మూడింట ఒక వంతు. ‘+5 కాంటూరు అతి కఠినమైన గీత’ అన్న వాదాన్ని ఈ నేపథ్యంలో చూడాలి. అంతర్జాతీయంగా ఒప్పుకొన్న సరస్సుతో పోలిస్తే +5 గీతే ఒక రాజీ.

మిగిలిన మూడింట రెండు వంతులకు చట్టరక్షణ మరింత బలహీనం. 2017 నాటి చిత్తడి నేలల నియమాలు రామ్‌సర్ ప్రదేశాలకు వర్తిస్తాయి. కానీ అవే నియమాలు చిత్తడి నేలను నిర్వచిస్తూ, చేపల సాగు కోసం ప్రత్యేకంగా నిర్మించిన కట్టడాలను ఆ నిర్వచనం నుంచి మినహాయించాయి. చిత్తడి నేలలో గట్టువేసి చెరువు తవ్వినవాడు తన చెరువు చిత్తడి నేల కాదని వాదించడానికి ఈ నిర్వచనం ఆస్కారమిస్తుంది. నిర్వచనమే వాదానికి ఆయుధమయ్యే ఇటువంటి సందర్భాలపై న్యాయశాస్త్ర పరిశోధకులు మరింత దృష్టి సారించవలసి ఉన్నది.

అభయారణ్యం హద్దు మార్చే అధికారం ఎవరిదన్న ప్రశ్న కూడా కీలకమైనదే. 1991 సవరణ ద్వారా చట్టంలో చేరిన 26ఎ విభాగం ప్రకారం రాష్ట్ర శాసనసభ తీర్మానంతో హద్దు మార్చవచ్చు. 2002 నాటి సవరణ ఆ స్థానంలో జాతీయ వన్యప్రాణి మండలి సిఫారసును తప్పనిసరి చేసింది. దీనికి తోడు డబ్ల్యూడబ్ల్యూఎఫ్-ఇండియా కేసులో సుప్రీంకోర్టు 2000 నవంబరులో ఇచ్చిన ఉత్తర్వు వల్ల న్యాయస్థానం అనుమతి లేకుండా అభయారణ్యాలను రద్దు చేసే వీలు లేకుండా పోయింది. ఈ మార్పులను గుర్తించకపోతే తరువాతి రాజకీయ పరిణామాలు అర్థం కావు.

5. గట్ల తొలగింపు - అనంతర పరిణామాలు:
సుప్రీంకోర్టు నియమించిన కేంద్ర సాధికార కమిటీ కొల్లేటి ఆక్రమణలపై 2006లో నివేదిక సమర్పించింది. ఆ సంవత్సరం ఏప్రిల్‌లో న్యాయస్థానం ఇచ్చిన ఉత్తర్వును అనుసరించి రాష్ట్ర ప్రభుత్వం ‘ఆపరేషన్ కొల్లేరు’ పేరుతో అభయారణ్యంలోని చెరువుల గట్లను తొలగించింది. యంత్రాలతోపాటు కొన్నిచోట్ల పేలుడు పదార్థాలను కూడా ఉపయోగించారు. దేశంలో చిత్తడి నేలల పునరుద్ధరణ కోసం చేపట్టిన పెద్ద చర్యలలో ఇది ఒకటి.

గట్లు తెగిన తరువాత ఏమి జరగాలన్న విషయంలో మాత్రం అంతటి సన్నద్ధత కనిపించలేదు. గట్టు తెగినంత మాత్రాన పూర్వపు వేట తిరిగి రాదు. నాటు చేపలు తగ్గిపోయాయి. కలుపు పెరిగింది. ఒక తరం యువకులు వేట కంటే చెరువు కూలికే అలవాటుపడ్డారు. పెట్టుబడిదారుడు తన పెట్టుబడిని +5 గీత వెలుపలికి తరలించుకోగలడు. కూలికి ఆ వెసులుబాటు లేదు. గీత లోపల సొంత పట్టా గల రైతు పరిస్థితి వేరు. జిరాయితీ భూమిలో చెరువు తవ్వరాదని చట్టం చెప్పింది కాని, ఆ భూమికి పరిహారం విషయం ఎటూ తేలలేదు.

ఈ అసంతృప్తి రాజకీయ రూపం ధరించడానికి ఎక్కువ కాలం పట్టలేదు. 2006లో గట్లు తొలగించిన ప్రభుత్వ కాలంలోనే, 2008లో, అభయారణ్యాన్ని +3 కాంటూరుకు కుదించాలని రాష్ట్ర శాసనసభ తీర్మానించింది. 2002 సవరణ తరువాత అటువంటి తీర్మానంతోనే హద్దు మారదు. అయినా తీర్మానం వచ్చింది. చట్టపరంగా చాలనిదైనా, రాజకీయంగా అది ఒక పని నెరవేర్చింది. నిర్ణయాన్ని ఢిల్లీకి వదలి, సానుభూతిని స్థానికంగా నిలుపుకొనే వీలు కల్పించింది. తరువాత అధికారంలోకి వచ్చిన పక్షాలు, ప్రతిపక్షంలో ఉన్న పక్షాలు కూడా కుదింపు హామీని వదలుకోలేదు. కొల్లేటి విషయంలో పార్టీల మధ్య కనిపించేది విధానభేదం కంటే హామీల పోటీయే.

కేంద్ర పర్యావరణ మంత్రిత్వ శాఖ నియమించిన అజీజ్ కమిటీ కుదింపు ప్రతిపాదనను పరిశీలించి 2011లో నివేదిక ఇచ్చింది. హద్దు కుదింపు తగదని, పట్టా భూముల సమస్యను పరిహారం ద్వారా పరిష్కరించాలని దాని సారాంశం. ఇది సమస్యను రెండుగా విడదీసిన నివేదిక. సరస్సు ఎంత అన్నది ఒక ప్రశ్న, సరస్సులోని భూమి కోల్పోయినవానికి ఏమివ్వాలన్నది మరొక ప్రశ్న. రాజకీయ చర్చ మాత్రం ఈ రెండింటినీ కలిపే ఉంచింది. కాలక్రమంలో అభయారణ్యంలో గట్లు మళ్లీ లేచాయి.

6. ‘పక్షులా, ప్రజలా’ - ప్రశ్నలోని లోపం:
కొల్లేటికి రక్షణ వన్యప్రాణి చట్టం ద్వారా లభించింది. కాబట్టి దాని సమర్థన కూడా పక్షుల పరంగానే సాగింది. గూడబాతులు, ఎర్రకాళ్ల కొంగలు, శీతకాలపు వలస పక్షులు కొల్లేటికి ప్రతీకలయ్యాయి. అది సహజమే. కానీ దానితోపాటు ‘పక్షుల కోసం మనుషుల పొట్ట కొడతారా’ అన్న ఎదురుప్రశ్నకు కూడా తలుపు తెరుచుకొన్నది.

ఈ వైరుధ్యం చారిత్రకంగా నిలవదు. పశ్చిమ గోదావరి జిల్లా ఆరేడు ప్రాంతంలో గూడబాతుల గూళ్ల స్థావరాన్ని 1940లలో పక్షిశాస్త్రవేత్త కె.కె. నీలకంఠన్ గుర్తించి వెలుగులోకి తెచ్చారు. ఆ పక్షులు గూళ్లు కట్టుకొన్నది జనసంచారం లేని అడవిలో కాదు, ఊళ్ల పరిసరాల్లోని చెట్ల మీద. మనుషులు, పక్షులు ఒకే నీటి మీద ఆధారపడి బ్రతికిన కాలం అది. నిస్సారమైన లోతులేని నీళ్లలో తిరిగే కొంగకూ, అదే నీటిలో మావు వేసే వేటగానికీ కావలసినది ఒక్కటే: గట్లు లేని, కలుపు పట్టని, విషం చేరని నీరు. ఎత్తైన గట్ల మధ్య లోతుగా నిలిచిన చెరువు నీరు ఈ ఇద్దరికీ పనికిరాదు. అంటే పోటీ పక్షికీ మనిషికీ మధ్య కాదు, సరస్సును ఉమ్మడిగా వాడుకొనే పద్ధతికీ, గట్టుకట్టి సొంతం చేసుకొనే పద్ధతికీ మధ్య.

అయితే ఈ నిర్ధారణతో చర్చ ముగియదు. గట్టు వెనుక ఉన్నవారందరూ ఒకే వర్గం కాదు. స్థూలంగా ఐదు వర్గాలను గుర్తించవచ్చు.
మొదటిది, సంప్రదాయ వేటపై ఆధారపడిన కుటుంబాలు. సరస్సు తెరుచుకొని ఉండడమే వీరికి మేలు.
రెండవది, సహకార సంఘ సభ్యులు. వీరిలో చాలామంది మొదటి వర్గానికి చెందినవారే. కౌలు రూపంలో వచ్చే ఆదాయం వల్ల వీరి ప్రయోజనం గట్టుతో ముడిపడింది.
మూడవది, గీత లోపల పట్టా గల చిన్న రైతులు. వీరి ఫిర్యాదు న్యాయమైనది. పరిహారం లేకుండా భూవినియోగాన్ని కట్టడి చేయడం వీరి ఆక్షేపణ.
నాలుగవది, పెట్టుబడిదారులైన కౌలుదారులు. వీరిలో అధికులు లంక గ్రామాల వెలుపలివారు.
ఐదవది, చెరువుల మీద, మేత రవాణా మీద, చేపల ఎగుమతి మీద బ్రతికే కూలీలు.

‘కొల్లేటి ప్రజలు +3 కాంటూరు కోరుతున్నారు’ అన్న వాక్యంలో ఈ ఐదు గొంతులూ ఒకటైపోతాయి. గట్టిగా వినిపించేది నాలుగవ గొంతు, ముందు నిలబడేది మొదటి మూడు వర్గాల ముఖం. ఈ వాక్యాన్ని విడదీయకుండా చేసే ఏ సర్వే అయినా తప్పుడు ఫలితాన్నే ఇస్తుంది. అదే సమయంలో పర్యావరణ పక్షం చేసే పొరపాటును కూడా గుర్తించాలి. చెరువులన్నీ ఆక్రమణలే, చెరువువారందరూ ఆక్రమణదారులే అన్న సాధారణీకరణ రెండవ, మూడవ, ఐదవ వర్గాలను నాలుగవ వర్గం చేతికి అప్పగించింది.

మరొక వర్గం ఈ జాబితాలోనే లేదు. కొల్లేటికి ఎగువన, బుడమేరు, తమ్మిలేరు పరీవాహక ప్రాంతాల్లోని రైతులు, పట్టణవాసులు. సరస్సు వరదను నిలుపుకోలేకపోతే ముంపునకు గురయ్యేది వీరి పొలాలు, ఇళ్లు. లబ్ధిదారులు లక్షల్లో ఉన్నా చెల్లాచెదురుగా ఉన్నారు. తాము లబ్ధిదారులమన్న ఎరుక కూడా వీరిలో చాలామందికి లేదు. నష్టపోయేవారు మాత్రం ఒకేచోట కేంద్రీకృతమై ఉన్నారు. ఎన్నికల రాజకీయాల్లో సంఘటితమైన కొద్దిమంది గొంతు చెదిరిన ఎక్కువమంది గొంతును మించిపోవడం సహజం.

7. ఉమ్మడి వనరుల దృష్టి:
1968లో గారెట్ హార్డిన్ ఉమ్మడి వనరుల విషాదాన్ని గురించి రాస్తూ, అందరిదైన వనరు ఎవరిదీ కాక నశిస్తుందనీ, ప్రైవేటు యాజమాన్యమో ప్రభుత్వ నియంత్రణో తప్పదనీ వాదించాడు. కొల్లేటి చరిత్ర ఈ రెండు మందులనూ చవిచూసింది. చెరువుల రూపంలో ప్రైవేటీకరణ జరిగింది. అభయారణ్య రూపంలో ప్రభుత్వ నియంత్రణ వచ్చింది. సరస్సు మాత్రం కోలుకోలేదు.

1990లో ఎలినార్ ఆస్ట్రమ్ ఇందుకు భిన్నమైన మార్గాన్ని చూపింది. వినియోగదారులే నియమాలు ఏర్పరచుకొని దీర్ఘకాలం కాపాడుకొన్న ఉమ్మడి వనరులు ప్రపంచమంతటా ఉన్నాయని ఆమె నిరూపించింది. అందుకు ఆమె గుర్తించిన షరతులలో రెండు ఇక్కడ ముఖ్యమైనవి: వనరు హద్దు స్పష్టంగా ఉండాలి, నియమాలు చేయడంలో వినియోగదారులకు పాత్ర ఉండాలి. కొల్లేటిలో హద్దు కాగితం మీదనే ఉన్నది, క్షేత్రంలో నిరంతరం వివాదాస్పదం. నియమాలు చేయడంలో వేటగాళ్లకు పాత్ర లేదు. 1970ల నాటి సహకార సంఘం ఆ పాత్ర పోషించవలసినది. కానీ దానిని సరస్సును కాపాడే సంఘంగా కాక, చెరువును కౌలుకిచ్చే సంఘంగా తీర్చిదిద్దారు. సహకారం అన్న మాట మిగిలింది, ఉమ్మడితనం పోయింది.

8. వాతావరణ మార్పు తెచ్చిన కొత్త కోణం:
కుదింపు వాదం 1990ల నాటి వర్షాలను, నాటి సముద్రాన్ని ఆధారం చేసుకొన్నది. ఆ రెండూ మారుతున్నాయి. భూతాపం ఒక డిగ్రీ సెల్సియస్ పెరిగినప్పుడల్లా ఒక్కరోజులో కురిసే అతిభారీ వర్షాల తీవ్రత ప్రపంచ స్థాయిలో సుమారు 7 శాతం పెరుగుతుందని వాతావరణ మార్పుపై అంతర్ ప్రభుత్వ సంఘం ఆరవ నివేదిక అంచనా వేసింది. 1901-2018 మధ్య ప్రపంచ సగటు సముద్రమట్టం 0.20 మీటర్లు పెరిగినట్లు అదే నివేదిక పేర్కొన్నది.

ఈ అంకెలను కొల్లేటికి అన్వయించి చూద్దాం. +5 అడుగులంటే సుమారు 1.5 మీటర్లు. ఆ ఎత్తు నుంచి ఉప్పుటేరు 60 కిలోమీటర్లు నడిచి సముద్రాన్ని చేరాలి. సగటు వాలు కిలోమీటరుకు 2.5 సెంటీమీటర్లు మాత్రమే. ఇంత స్వల్పమైన వాలులో సముద్రం పోటెత్తినప్పుడు ప్రవాహం మందగించడం, ఉప్పునీరు ఎదురెక్కడం స్వాభావికం. దిగువన సముద్రమట్టం 20 సెంటీమీటర్లు పెరగడమంటే ఉన్న 150 సెంటీమీటర్ల తేడాలో ఎనిమిదో వంతుకు పైగా కోల్పోవడం. నీరు బయటికి పోవడం ఆలస్యమైనకొద్దీ సరస్సు ఎక్కువ నీటిని ఎక్కువ రోజులు నిలుపుకోవాలి. అంటే సరస్సుకు స్థలం మరింత కావాలి.

+3 కు కుదించి, విడుదలైన ప్రాంతమంతా గట్లతో నిండిపోయిందనుకొందాం. +3, +5 కాంటూర్ల మధ్య విస్తీర్ణపు తేడా 173 చదరపు కిలోమీటర్లు. నీటిమట్టం +3 నుంచి +5 కు పెరిగేటప్పుడు సరస్సు నిలుపుకోగలిగిన అదనపు నీటిలో సుమారు 1.9 టీఎంసీల మేరకు చోటు పోతుంది. +5 కు పైన పెరిగే ప్రతి అడుగుకూ మరో 1.9 టీఎంసీలు. నేల ఏకరీతిగా వాలిందని భావించి వేసిన స్థూలమైన లెక్క ఇది. ఖచ్చితమైన అంచనాకు క్షేత్ర కొలతలు కావాలి. అయినా పరిమాణం ఏ స్థాయిలో ఉంటుందో తెలుసుకోవడానికి ఇది చాలు. చెరువులు కూడా నీటిని నిలుపుతాయి కదా అన్న వాదం తరచుగా వినిపిస్తుంది. చెరువులో నీరు అప్పటికే నిండి ఉంటుంది. వరదనీరు లోపలికి రాకుండా కాపాడుకోవడానికే గట్టు. నిండిన కుండ వానను పట్టలేదు.

2024 సెప్టెంబరు మొదటి రోజుల్లో బుడమేరు వరద విజయవాడలోని కాలనీలను ముంచెత్తింది. ఆ విపత్తుకు అతిభారీ వర్షం, మళ్లింపు కాలువకు పడిన గండ్లు, ఏటి పొడుగునా ఇరుకైన ప్రవాహమార్గం వంటి పలు కారణాలున్నాయి. దాన్ని కొల్లేటికి మాత్రమే ఆపాదించడం శాస్త్రీయం కాదు. కానీ బుడమేరు చివరికి చేరేది కొల్లేటికే. ఎగువ ఏరును, దిగువ సరస్సును, ఉప్పుటేరును మూడు వేర్వేరు సమస్యలుగా చూసే పద్ధతి ఇక చెల్లదని ఆ వరద గుర్తుచేసింది.

న్యాయశాస్త్రం కూడా ఈ దిశగా కదులుతున్నది. ప్రకృతి వనరులకు ప్రభుత్వం ధర్మకర్త మాత్రమేనన్న సూత్రాన్ని సుప్రీంకోర్టు కమల్‌నాథ్ కేసులో స్థిరపరచింది. 2024 మార్చిలో రంజిత్‌సిన్హ్ కేసులో, వాతావరణ మార్పు దుష్ప్రభావాల నుంచి రక్షణ పొందే హక్కు రాజ్యాంగంలోని 14, 21 అధికరణాల్లో అంతర్భాగమని పేర్కొన్నది. ఈ రెండు సూత్రాలను కలిపి చదివితే, కొల్లేరు హద్దు పక్షుల రక్షణకు మాత్రమే సంబంధించిన విషయం కాదు. ఎగువ ప్రాంతాల పౌరుల ప్రాణరక్షణకూ సంబంధించినదని వాదించే అవకాశం ఉన్నది.

9. ముగింపు:
పై పరిశీలన నుంచి మూడు అంశాలు తేలుతున్నాయి.

మొదటిది, హద్దు ప్రశ్ననూ పరిహార ప్రశ్ననూ విడదీయాలి. పట్టాదారునికి న్యాయం చేయడానికి సరస్సును కుదించనక్కరలేదు. భూమిని సేకరించవచ్చు, లేదా భూవినియోగంపై విధించిన కట్టడికి ఏటా పరిహారం చెల్లించవచ్చు. పరిహారం ఇవ్వకుండా దశాబ్దాలుగా వాయిదా వేయడమే కుదింపు వాదానికి నైతిక బలాన్నిచ్చింది. ఆ బలాన్ని తొలగించవలసిన బాధ్యత ప్రభుత్వానిది.

రెండవది, ‘ప్రజలు’ అన్న మాటను వర్గాలుగా విడదీసి చూడాలి. సంఘాల చెరువులు ఎవరి పేరున ఉన్నాయి, ఎవరు నడుపుతున్నారు, ఆదాయంలో సభ్యుని వాటా ఎంత, కూలి ఎంత, ఆడవారికి దక్కే పని ఏది అన్న విషయాలపై గ్రామస్థాయి అధ్యయనాలు రావాలి. ఆర్థిక, సామాజిక శాస్త్రాల పరిశోధకులకు ఇది విస్తృతమైన క్షేత్రం. సాహిత్య పరిశోధకులకూ ఇక్కడ పని ఉన్నది. అక్కినేని కుటుంబరావు ‘కొల్లేటి జాడలు’ నవల ఈ ప్రాంతపు జీవనంలో వచ్చిన మార్పును నమోదు చేసింది. వేటకు, చేపకు, నీటికి సంబంధించిన కొల్లేటి పదజాలం వేటతోపాటే అంతరించకముందే సేకరించుకోవాలి.

మూడవది, కొల్లేటిని సమర్థించే భాష మారాలి. పక్షుల ఆవాసం కనుక కాపాడాలనడం నిజమే కాని, అది సగం నిజం. రెండు డెల్టాల మురుగును మోసి, వరదను ఆపి, మెల్లగా సముద్రానికి అప్పగించే వ్యవస్థగా కొల్లేరు చేస్తున్న సేవను లబ్ధిదారులకు తెలియజెప్పినప్పుడే సరస్సు తరఫున మాట్లాడే గొంతులు పెరుగుతాయి.

+5 కావాలా, +3 కావాలా అన్న చర్చలో ఇరుపక్షాలూ గీతను మనుషులే నిర్ణయిస్తారని భావిస్తున్నాయి. చట్టంలో గీత ఎక్కడున్నా వరద తన గీతను తానే గీసుకొంటుంది. ఆ గీత లోపల ఎవరి ఇళ్లు ఉండబోతున్నాయన్నదే కొల్లేరు చర్చలో ఇంతవరకూ తగినంతగా అడగని ప్రశ్న.